జసులి వండిన కూర

గడ్డి మోపు సగం కట్టి, మోతిమా కొడవలి పక్కన పడేసింది.

"జసూ, నాకో పని చేసిపెట్టాలి. కాదనకూడదు."

జసులి తలెత్తలేదు. గుప్పెడు గడ్డిని మొదలంటా పట్టుకుని కోసి, వెనక్కి వేసింది. "కాదంటే మాత్రం వింటావా."

"వినను."

"మరింకేం. ముందు తిండి తిను, తర్వాత చెబుదువుగాని."

ఇద్దరూ బాంజ్ చెట్టు నీడకి చేరారు. జసులి నడుముకి కట్టుకున్న గుడ్డ మూట విప్పింది. నాలుగు రాగి రొట్టెలు, వాటి మధ్య నిన్నటి బంగాళదుంపల కూర. మోతిమా చెయ్యి తుడుచుకోకుండానే ఒక దుంపముక్క తీసి నోట్లో వేసుకుంది. తర్వాత రొట్టె సగానికి తుంచి, పెద్ద సగం తన వైపు లాక్కుంది. తన మూటలోని గోధుమ రొట్టెలు జసులి ఒళ్లోకి తోసింది. అడవిలో వాళ్ల తిండి ఎప్పుడూ ఇలాగే అటుదిటూ ఇటుదటూ అయిపోతుంది. ఊళ్లో సంగతి వేరు. జసులిది కింద, రోడ్డుకి పైన ఉన్న మేస్త్రీల పేట. ఆమె ముట్టుకున్న బిందెలో నీళ్లు పై ఊళ్లో ఎవరూ తాగరు. మోతిమాది పై ఊళ్లో నాలుగో ఇల్లు, ఠాకూర్ల ఇల్లు. అడవిలో ఆమెని "దీదీ" అని పిలిచే జసులి, ఊరి దారి మీద ఎదురైతే పక్కకి జరిగి "ఠకురానీ" అంటుంది. ఈ మార్పు ఇద్దరికీ ఎంత అలవాటైపోయిందంటే, దాని గురించి వాళ్లెప్పుడూ మాట్లాడుకోలేదు.

"మా పిల్ల దీపని చూడ్డానికి ఆదివారం రాణీఖేత్ నుంచి వస్తున్నారు," అంది మోతిమా. "పిల్లాడి తల్లి, బాబాయి. పిల్లాడు మంచివాడే, మిలిటరీలో చేరాడు. ఆ తల్లితోనే వచ్చింది చిక్కు. తిండి దగ్గర మహా పట్టింపు మనిషట. దీనికి ముందు చూసిన సంబంధంలో, కూర నోట్లో పెట్టుకుని పళ్లెం పక్కకి నెట్టేసి లేచొచ్చిందట."

"అయితే నీకు చిక్కే."

"వెక్కిరించకు. పూరీలు నేను చేస్తాను. దోసకాయ పెరుగుపచ్చడి నేను చేస్తాను. ఈ దుంపలే నా మాట వినవు. నా చేతిలో పడితే ముద్దయి ఊరుకుంటాయి. నీకు తెలియందేముంది."

"తెలుసు. ఓసారి తెచ్చావుగా, ఆవు కుడితి అనుకున్నా."

మోతిమా ఆమె భుజం మీద ఒక్కటి వేసింది. తర్వాత గొంతు తగ్గించింది, చుట్టూ చెట్లు తప్ప ఎవరూ లేకపోయినా. "నువ్వు మీ ఇంట్లో వండిపెట్టు. పొద్దున్నే వెనక దారిన నేనే వచ్చి పట్టుకుపోతా."

జసులి చేతిలోని రొట్టె ఆగిపోయింది. "మా ఇంట్లో వండింది? వాళ్లకా?"

"ఎవరికి తెలుస్తుంది?"

"నీకు తెలుస్తుంది. భయం లేదా దీదీ?"

"ఇన్నేళ్లుగా తింటూనే ఉన్నాగా. చచ్చానా?" మోతిమా నవ్వింది. ఆమె నవ్వితే పక్కవాళ్లు కూడా నవ్వి తీరాలి. ఇద్దరూ నోటి నిండా రొట్టెతో, కళ్లల్లో నీళ్లు తిరిగేలా నవ్వారు. రాణీఖేత్ ఆవిడ మడి కట్టుకుని కూచుని, మేస్త్రీ పెళ్లాం చేతి కూర మూడోసారి వడ్డించుకోవడం ఎలా ఉంటుందో మోతిమా ముక్కు ఎగబీలుస్తూ చేసి చూపించింది. జసులి గడ్డిలోకి వాలిపోయింది.

తిరిగొచ్చేటప్పుడు మోపు ఆమె తలకి బరువనిపించలేదు. తన చెయ్యి వండింది మోతిమా గడప దాటి లోపలికి వెళ్తుంది. తను వెళ్లకపోతేనేం, కూర వెళ్తుంది.

శనివారం సాయంత్రం దుంపలు ఉడకేసింది. ఈ కూరకి దుంపలు ముందురోజే ఉడకాలి. వేడి దుంపని కోస్తే చిదిగిపోతుంది, ఆరిన దుంప కత్తికి లొంగుతుంది గాని విరగదు. అన్నీ ఒక్క సైజువి ఏరి, తొక్క చిట్లక ముందే దించి, నీళ్లు వంపి, వెదురు తట్టలో పరిచింది.

ఆమె భర్త గుసాయి రామ్ గడప మీద కూచుని తాపీకి అంటిన మట్టి గోకుతున్నాడు. వానాకాలంలో మోతిమా ముంగిలి గోడ పడిపోయింది. నాలుగు రోజులుగా దాన్నే కడుతున్నాడు. జసులి గడ్డి పని అయ్యాక రాళ్లు అందిస్తోంది. పెళ్లివారు వచ్చేలోపు అవ్వాలన్న గోడ ఇంకా ఒక వరస మిగిలింది.

"ఇన్ని దుంపలెందుకు?"

చెప్పింది. అతను తాపీ గోకడం ఆపలేదు.

"వాళ్ల పొయ్యి కట్టింది నేనే," అన్నాడు. "కట్టిన రోజు ఆ వంటింట్లోనే కూచుని బీడీ కాల్చాను. మర్నాడు పూజ చేసి పాలు పొంగించారు. మళ్లీ ఆ పొయ్యి ఎలా మండుతోందో నేను చూడలేదు."

"అది పొయ్యి. ఇది తిండి."

"అందుకే అంటున్నాను."

"మోతిమా అలాంటి మనిషి కాదు."

"అడవిలో కాదు," అన్నాడతను. తాపీ గూట్లో పెట్టేసి వెళ్లి పడుకున్నాడు.

తెల్లవారగానే జసులి స్నానం చేసింది. మామూలుగా వంటకి ముందు చెయ్యదు, ఆ రోజు చేసింది. పొయ్యి ఎర్రమట్టితో అలికి ఇనప మూకుడు పెట్టింది. ధనియాలు బరకగా నూరి, పసుపు, కారం, ఉప్పు కలిపి, గిన్నెలో కాసిని నీళ్లతో పలచగా తడిపింది. పొడిగా వేస్తే నూనెలో మసాలా మాడుతుంది. తడిపి వేస్తే దుంపకి అంటుకుంటుంది. మూకుట్లో ఆవనూనె పోసి, పొగ వచ్చి ఘాటు చచ్చేదాకా ఆగింది. ఎండుమిర్చి తుంచకుండా వేసి, నల్లబడకముందే తీసి పక్కన పెట్టింది. అప్పుడు చిటికెడు జంబు. పై కొండల నుంచి గొర్రెల కాపర్లు తెచ్చే ఆ ఎండుగడ్డి పోచలు నూనె తగలగానే విచ్చుకుని, వెల్లుల్లిని నేతిలో వేయించినట్టు వాసనేశాయి. తడి మసాలా పడి చుయ్‌మంది. దుంపముక్కలు వేసి అట్లకాడ పెట్టకుండా, రెండు చేతులా గుడ్డ పట్టుకుని మూకుడునే కుదిపింది. ఒక్క ముక్క విరగలేదు. ప్రతి ముక్క అంచుకీ ధనియపు పొట్టు అంటి, ఎర్రగా వేగింది.

మోతిమా వెనక దారిన వచ్చింది, పెరట్లో నుంచి. కొంగు కింద మూత ఉన్న స్టీలు గిన్నె. దూలాల కింద వంగి లోపలికొచ్చి, నేరుగా పొయ్యి దగ్గరికి వెళ్లి, మూకుట్లోంచే రెండు ముక్కలు తీసి, ఊదుకుంటూ తింది. కళ్లు మూసుకుంది.

"నా తల్లే," అంది. జసులి బుగ్గ మీద నూనె వేళ్లతోనే గిల్లింది. "దీప పెళ్లయితే ముందు నీ కాళ్లకి మొక్కిస్తా."

"అడవిలోనా?" అంది జసులి, నవ్వుతూనే.

మోతిమా గిన్నె మూత గట్టిగా నొక్కి, "ఇంక ఆలస్యం చెయ్యకండి, గోడ పూర్తవ్వాలి," అని వచ్చిన దారినే వెళ్లిపోయింది.

మధ్యాహ్నానికి పెళ్లివారు వచ్చారు. పిల్లాడి తల్లి అరవై దాటిన మనిషి, మోకాలి నొప్పి, చేతిలో కర్ర. వీపు మాత్రం నిటారుగా ఉంది. ముంగిట్లో పరిచిన తివాచీ మీద ఆవిడనీ ఆవిడ మరిదినీ కూచోబెట్టారు. గోడ ముంగిలి చివరనే. జసులి తట్టతో అడుసు మోసుకొచ్చి పోస్తుంటే అన్నీ కనిపిస్తున్నాయి, అన్నీ వినిపిస్తున్నాయి.

దీప తల వంచుకుని నీళ్లు తెచ్చింది, పూరీలు తెచ్చింది. మోతిమా కంచు పళ్లేలలో దుంపలు వడ్డించింది. వేయించిన మిరపకాయలు పైన పెట్టింది, జసులి పెట్టే తీరులోనే. ఆవిడ ఒక ముక్క నోట్లో వేసుకుంది. నమలడం ఆపింది. మళ్లీ నమిలింది. జసులి చేతిలో రాయి అలాగే ఉండిపోయింది.

"ఎవరు చేశారు?"

"నేనే వదినగారూ," అంది మోతిమా. "దీపకి కూడా నేర్పాను."

"మా అమ్మ చేసేది ఇలా. ముక్క ముక్కలాగే ఉండేది." పళ్లెం ముందుకి జరిపింది. మోతిమా మళ్లీ వడ్డించింది. ఆ తర్వాత మూడోసారి. మూడోసారి వడ్డిస్తున్నప్పుడు జసులి గోడ వెనక వంగి, నవ్వు కనబడకుండా కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మోతిమా ఇటు చూస్తుందేమో అని చూసింది. చూడలేదు.

తిన్నాక ఆవిడ చెయ్యి కడుక్కుంటూ గోడ వైపు చూసింది. "పనివాళ్లు కింది పేట వాళ్లా?"

"అవునండీ. మేస్త్రీ, వాడి పెళ్లాం."

"మా వైపు ఈ మధ్య అంతా కలిసిపోతోంది. పొయ్యి దాకా వచ్చేస్తున్నారు. నాకది పడదు. నేను పూజ చేసుకునే మనిషిని. పిల్ల రేపు మా వంటింట్లోకి వస్తుంది కాబట్టి అడుగుతున్నా, ఏమీ అనుకోకు."

"అయ్యో, అడగాల్సిందే," అంది మోతిమా. ఆమె గొంతు అడవిలోని గొంతులాగే తేలిగ్గా, కులాసాగా ఉంది. "ఆ మెట్టు దాటి నీడ కూడా పడనివ్వను. వీళ్లకి చనువిస్తే ఇంకేమైనా ఉందా. ఒంటి మీద శుభ్రం ఉండదు, ఇంట్లో శుభ్రం ఉండదు."

గుసాయి రామ్ రాయి మీద సుత్తితో మెల్లగా కొడుతున్నాడు. కొడుతూనే ఉన్నాడు. ఆ రాయి ఎప్పుడో సరిపోయింది.

మెప్పించడానికి అంత చాలు. కాని మోతిమా ఆగలేదు. లోపలికెళ్లి నాలుగు పూరీలు, గిన్నె తెచ్చింది. మెట్టు చివర నిలబడి, "ఏయ్, విస్తరి పట్టు," అంది. జసులి పట్టింది. మోతిమా మూరెడు ఎత్తు నుంచి పూరీలు వదిలింది. గరిటెతో దుంపలు జారవిడిచింది. ఒక ముక్క విస్తరి తప్పి జసులి మణికట్టు మీద పడి, కింద మట్టిలోకి దొర్లింది.

"తిను, తిను. మీ ఇళ్లల్లో ఇలాంటిది ఎక్కడ దొరుకుతుంది."

రాణీఖేత్ ఆవిడ తల ఊపింది, బాగా పెట్టావన్నట్టు.

జసులి విస్తరి పట్టుకుని అలాగే నిలబడింది. మోతిమా గిన్నె అంచుకి గరిటె రెండుసార్లు తట్టి, వెనక్కి తిరిగి లోపలికెళ్లిపోయింది. ఒక్కసారి కూడా ఆమె మొహం వంక చూడలేదు.

గోడ వెనక ఇద్దరూ కూచున్నారు. గుసాయి రామ్ పూరీ తుంచాడు, మళ్లీ పెట్టేశాడు. "పారెయ్యనా?"

"నేను చేసింది," అంది జసులి. "పారెయ్యకు."

అతను తిన్నాడు. ఆమె తినలేదు. ఆఖరి వరస రాళ్లు సాయంత్రానికి పడ్డాయి. వంకర లేకుండా, మంచి గోడ.

సోమవారం, మంగళవారం జసులి అడవికి వెళ్లలేదు. ఇంటి వెనక మిట్ట మీద పొట్టి గడ్డే కోసింది. బుధవారం పొద్దున్న మోతిమా వెనక దారిన వచ్చింది. చేతిలో బెల్లం ముద్ద, కొత్త గాజులు.

"ఒప్పుకున్నారే," అంది లోపలికి వస్తూనే. "శుక్రవారమే బొట్టు పెట్టి ఖాయం చేస్తారు. అన్నీ నీ కూర వల్లే. ఆవిడ దారి పొడుగునా దాని గురించే మాట్లాడిందట."

జసులి గిన్నెలు తోముతోంది. బూడిద చేతులు ఎత్తలేదు. మోతిమా బెల్లం పొయ్యి గట్టు మీద పెట్టి, కూచుంది.

"కోపమొచ్చిందా? నాకు తెలుసు. ఏం చెయ్యమంటావు చెప్పు? ఆవిడ అలా సూటిగా అడిగితే ఏమనాలి? నోటికొచ్చింది అనేశాను. నువ్వు అర్థం చేసుకుంటావని."

"శుభ్రం ఉండదన్నావు."

"అందరూ అనేదే అన్నాను."

"నువ్వు మా ఇంట్లో, అదిగో, నువ్విప్పుడు కూచున్న చోట కూచుని తింటావు."

"తింటాను కాబట్టే కదే, ఇంకెవరూ తెచ్చి పెట్టకపోయినా నేను గాజులు తెచ్చాను," అంది మోతిమా. అదేదో పెద్ద న్యాయంలా చెప్పింది. తర్వాత దగ్గరికి జరిగింది. "విను. శుక్రవారం నలభై మంది. ఆవిడ మరీ మరీ చెప్పి పంపింది, ఆ దుంపలు ఉండాలని. దుంపలు రేపు పంపిస్తాను, నూనె పంపిస్తాను. పొద్దున చీకటి ఉండగానే వచ్చి..."

"నేను వండను."

"జసూ."

"ఆ విస్తట్లో వేసేటప్పుడు ఒక్కసారి నా మొహం వంక చూసుంటే వండేదాన్ని."

మోతిమా ఆశ్చర్యపోయింది. నిజంగానే ఆశ్చర్యపోయింది. "చూస్తే నాకు నవ్వొచ్చేసేది కదే. ఎలా ఆపుకున్నానో నాకు తెలుసు."

జసులి చేతిలో గిన్నె కింద పెట్టింది. అప్పటిదాకా ఆమెకి ఒక ఆశ ఉంది. ఆ రోజు మోతిమాకి సిగ్గేసి చూడలేకపోయిందేమో అని. మూడు రాత్రులు ఆ ఆశ పట్టుకునే పడుకుంది.

"నీకు నవ్వొచ్చిందా," అంది.

మోతిమా లేచి కొంగు దులుపుకుంది. మళ్లీ మాట్లాడినప్పుడు గొంతు మెత్తగానే ఉంది, చెల్లెలికి మంచి చెబుతున్నట్టుగా. "చూడు, ఈ కోపంలో ఎక్కడైనా నోరు జారతావేమో. నీ మంచికే చెబుతున్నా. నువ్వు చెబితే ఎవరూ నమ్మరు. ఒకవేళ నమ్మారనుకో, ముందు మీ ఇంటి మీదికే వస్తారు. నా ఇంటి మీదికి రారు. గుసాయి రామ్‌కి ఈ కొండ మీద ఇంకెవరూ గోడ పని ఇవ్వరు."

"నీ గాజులు తీసుకుపో."

తీసుకుపోయింది. బెల్లం మర్చిపోయింది. జసులి దాన్ని పెరట్లో గేదెకి పెట్టింది.

శుక్రవారం పైన ఊళ్లో డోలు మోగింది. మేస్త్రీల పేట దాకా వినిపించింది. మధ్యాహ్నం దాటాక ఆగిపోయింది. గుసాయి రామ్ పక్క ఊరి పని నుంచి పెందలాడే వచ్చాడు. ఉదయం నుంచి ఏమీ తినలేదన్నాడు. ఇంట్లో ఉడికిన దుంపలున్నాయి. లోపల పొగ కమ్ముతోందని జసులి ముంగిట్లోనే మూడు రాళ్లు పెట్టి మూకుడు ఎక్కించింది. రోడ్డుకి దిగే దారి ఆ ముంగిలి అంచునే పోతుంది. పెళ్లివారు గుంపులుగా దిగి వెళ్తున్నారు. ఆమె ఎవరినీ చూడలేదు. మూకుడు కుదుపుతోంది.

అందరికన్నా వెనక, కర్ర ఊతంతో ఒక్కో మెట్టూ దిగుతూ రాణీఖేత్ ఆవిడ వచ్చింది. మరిది అప్పటికే కింద జీపు దగ్గర ఉన్నాడు. ఆవిడ ముంగిలి అంచు దాకా వచ్చి ఆగింది. ఊపిరి తీసుకోవడానికి ఆగిందనుకుంది జసులి. కాని ఆవిడ మూకుడు వంక చూస్తోంది.

"ఇదెవరి ఇల్లు?"

"మేస్త్రీ గుసాయి రామ్ ఇల్లు."

"ఆ రోజు గోడ దగ్గర ఉన్నది నువ్వే కదూ."

"నేనే."

"ఏం వండుతున్నావు?"

"దుంపలు."

ఆవిడ మరో అడుగు వేసింది. ధనియపు పొట్టు అంటిన ముక్కలు, పక్కన మూతలో తీసిపెట్టిన మిరపకాయలు, అన్నీ చూసింది. "ఇవాళ పైన వేరేగా ఉంది కూర. అంతా గుజ్జు. అడిగితే జంబు అయిపోయిందంది." ఆగింది. "ఆ రోజుది..."

జసులి మూకుడు దించి నేల మీద పెట్టింది. అవునంటే ఏమవుతుందో తెలుసు. కాదంటే ఆ కూర ఇంకోసారి మోతిమాదైపోతుంది. చేతులు కొంగుకి తుడుచుకుని లేచి నిలబడింది.

"అది మీ నాలిక్కి తెలుసు కదమ్మా," అంది. "మూడుసార్లు పెట్టించుకున్నారు. నేను చూశాను."

ఆవిడ కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుంది. తిడుతుందనుకుంది జసులి. అరుస్తుందనుకుంది. తిట్టేవాళ్లకి ఏం జవాబివ్వాలో ఆమె ఆలోచించి పెట్టుకుంది కూడా. కాని ఆవిడ ముందు కింద రోడ్డు వైపు చూసింది, తర్వాత పైకి, ఎవరైనా వస్తున్నారా అని. కర్ర చంకలో ఇరికించుకుంది. రెండు చేతులూ పైకి లేచాయి. దండం పెడుతున్నట్టు సగం దాకా లేచి, ఎవరికి పెడుతోందో గుర్తొచ్చినట్టు అక్కడే ఆగిపోయాయి. కర్ర జారి కింద పడింది.

"ఎవరితోనూ అనకు," అంది కొంగులోంచే. "మా ఊళ్లో నన్ను పూజ గదిలోకి రానివ్వరు. ఈ వయసులో నేను... నీకు పుణ్యముంటుంది."

జసులి వంగి కర్ర తీసింది. ఇవ్వబోయి, ఆగి, తమ ఇంటి గోడకి ఆనించి పెట్టింది. ఆవిడ చటుక్కున అందుకుంది.

"నేనెవరితోనూ అనను," అంది జసులి. "పిల్లకేమీ తెలియదు. ఈ మాట ఎప్పుడూ ఆ పిల్ల మీదికి రాకూడదు."

"రాదు."

"వంటలో వంక పెట్టి కూడా రాకూడదు."

"రాదన్నాను కదా," అంది ఆవిడ. దాదాపు బతిమాలుతున్నట్టుగా అంది. తర్వాత తిరిగి, మోకాలి నొప్పి ఉన్న మనిషిలా కాకుండా గబగబా దిగి వెళ్లిపోయింది.

గుసాయి రామ్ కాళ్లు కడుక్కుని పెరటి వైపు నుంచి వచ్చాడు. "ఎవరు? ఏమిటంట?"

"పెళ్లికొడుకు తల్లి. భయపడుతోంది."

"ఎవరిని చూసి?"

"నన్ను చూసి."

అతను ఆమె మొహంలోకి చూశాడు. వేళాకోళం కాదని తెలిసి, పీట వాల్చుకుని కూచున్నాడు.

జసులి పళ్లెంలో దుంపలు వడ్డిస్తోంది. నవ్వు రాబోయింది. ఆ చేతులు సగంలో ఆగిన తీరు, కొంగులోంచి మాట నలిగి నలిగి వచ్చిన తీరు, ఆ దిగడం, అంతా పూసగుచ్చినట్టు చెప్పి, చేసి చూపించి, గడ్డిలో పడి దొర్లి నవ్వుకోవాల్సిన సంగతి. ఇలాంటివి చెప్పుకోవడానికి ఆమెకి ఈ కొండ మొత్తం మీద ఒక్క మనిషే ఉండేది.

"చల్లారిపోతోంది, నువ్వూ కూచో," అన్నాడు గుసాయి రామ్.

జసులి కూచుంది.